డ్రైవరు గారి ఎడమ తెర

కంప్యూటర్లు బాగుచేసే పనిలో నేను చేసిన అన్నిటికన్నా పెద్ద తప్పు, చక్కగా పనిచేస్తున్నదాన్ని బాగుచేయడం. ఇప్పుడు ఈ పనిలోకి వస్తున్న అబ్బాయిలకీ అమ్మాయిలకీ బోధ చేద్దామని రాయడం లేదు. నా చేతిలో చెడిన పనులు చాలా ఉన్నాయి. వాటిలో తలచుకున్నప్పుడు చెవులు వేడెక్కి, ఆ వెంటనే నవ్వు కూడా వచ్చేది ఇదొక్కటే. అందుకని రాస్తున్నాను.

మీకు ఒక బల్ల మీద రెండు మానిటర్లుండడం వింత కాదు. ఆట తెరిస్తే పక్క మానిటర్లో తెరుచుకుందనుకోండి, రెండు మూడు మీటలు కలిపి నొక్కి ఇవతలికి లాగేస్తారు. తొంభైల చివర్లో మా ఖరగ్‌పూర్‌లో ఒక కంప్యూటరుకు రెండు మానిటర్లు తగిలించి ఉండగా నేను చూసింది ఒకే ఒక్క చోట. అక్కడే ఈ కథంతా జరిగింది.

మా నాన్న శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి రైల్వే వర్క్‌షాపులో ఫిట్టరుగా చేరినవాడు. నన్నూ రైల్వేలో చూడాలని ఆయన ఆశ. నేను పరీక్ష రెండుసార్లు రాసి, రెండుసార్లూ తప్పి, గోల్‌బజార్‌లో ఒక బెంగాలీ దాదా దగ్గర టీవీ రిపేరు నేర్చుకున్నాను. అవి ఎనభైల రోజులు. ఊరికి దూరంగా ఉన్న సాలువా క్యాంపు నుంచి కూడా రిక్షాల్లో దుప్పట్లు చుట్టి టీవీలు తెచ్చేవారు. తరవాత కంప్యూటర్లు వచ్చాయి. టీవీ విప్పినవాడికి మానిటర్ విప్పడం కొత్త కాదు కాబట్టి, మిగతాది పుస్తకాలు చూసీ, చెడగొట్టీ నేర్చుకున్నాం.

దాదా నాకన్నా పన్నెండేళ్లు పెద్ద. మాట తక్కువ, రాత ఎక్కువ. ఏ మెషిన్ దగ్గరికి వెళ్లినా ఏం చేశాడో, ఎందుకు చేశాడో ఒక నోటుపుస్తకంలో రాసి, ఆ పుస్తకం ఆ మెషిన్ పక్కనే పెట్టి వచ్చేవాడు. మళ్లీ వెళ్లినవాడు ముందు అది చదవాలి, తరవాతే స్క్రూడ్రైవరు తియ్యాలి. దుకాణంలో ఉన్న నియమం అదొక్కటే. నాకు బెంగాలీ మాట్లాడడం వచ్చు, చదవడం కూడా వచ్చు, కాకపోతే దాదా చేతిరాత చీమలబారులా ఉండేది. అందుకని చదివినట్టు తల ఊపి పనిలో దిగేవాణ్ణి. "నీ కళ్లకన్నా నీ చెయ్యి ముందు పోతుంది," అనేవాడు దాదా. అది మెప్పు అనుకున్నాను చాలా ఏళ్లు.

ఊళ్లో ఒక ట్రస్టు వాళ్లు ఫిజియోథెరపీ కేంద్రం నడిపేవారు. వరండా, రెండు గదులు. పక్షవాతం వచ్చినవాళ్లు, కాళ్లు చేతులు విరిగి కట్టు విప్పించుకున్నవాళ్లు అక్కడికి వచ్చేవారు. దాన్ని నడిపేది ఒక బెంగాలీ ఆవిడ, అందరికీ దీదీ. చేతులూ కళ్లూ మళ్లీ పనికి అలవాటు పడడానికి కంప్యూటర్లో ఆటలాడించడం ఆవిడ సొంత ఆలోచన. ఎవరో కంప్యూటరు ఇచ్చారు, ఇంకెవరో మానిటర్ ఒక్కటే ఇచ్చారు. దాదా వెళ్లి రెంటినీ కలిపి, బల్లకి ఎడమవైపు ఒకటీ కుడివైపు ఒకటీ పెట్టి వచ్చాడు. కుడి మానిటర్లో పెద్ద అక్షరాల్లో ఏం చెయ్యాలో ఉండేది. ఎడమ మానిటర్లో ఆట. పైనుంచి బంతులు రాలుతుంటే కింద బుట్టను అటూ ఇటూ జరిపి పట్టుకోవాలి, అంతే.

నెలకోసారి ఆ కంప్యూటరు చూసి రావడం మా ఒప్పందం. ఎప్పుడూ దాదాయే వెళ్లేవాడు. ఆ నెల ఆయనకి జ్వరం వచ్చి నేను వెళ్లాను.

దీదీ లేదు. ఏదో శిక్షణ ఉందని పది రోజులు కలకత్తా వెళ్లిందట. అక్కడ పనిచేసే మాషీ ఒక్కతే ఉంది, రోగులను కూర్చోబెట్టి ఆట పెట్టి, ఎవరెన్ని బంతులు పట్టారో చీటీలో రాస్తోంది. మాషీ అంటే పిన్ని అనుకోండి, ఆమెకి అరవై దాటి ఉంటాయి. కంప్యూటరు ముందు కుర్చీలో మన తెలుగువాడు ఒకాయన కూర్చుని ఉన్నాడు. గూడ్సు బళ్లు నడిపిన డ్రైవరు. ఆరు నెలల కిందట పక్షవాతం వచ్చింది. కాలు చాలావరకు తిరిగి వచ్చింది, కర్రతో నడుస్తున్నాడు. ఎడమ చెయ్యి ఒళ్లో పెట్టుకుని ఉన్నాడు. కుడిపక్క స్టూలు మీద ఆయన భార్య.

నేను తెలుగువాణ్ణని తెలియగానే ఆయన మొహం విప్పారింది.

"ఏటి బాబూ, ఈ పెట్టి బాగుసెయ్యడానికే వచ్చినావా? నీకు పున్నెముంటాది. రెండు నెల్లనుంచి మొత్తుకుంటన్నాను, ఒక్కలూ వినరు. ఆట మరెక్కడో తెరుసుకుంటందంట. నా ఎదర ఉన్న పెట్టిలో రాదు!"

"ఎదర ఉన్నదంటే ఏది మావయ్యా?"

కుడి మానిటర్ చూపించాడు. "ఇదీ. ఇందులో అచ్చరాలే తప్ప మరేటీ లేదు. ఆట ఎక్కడో మూలకెట్టి, ఆడు, ఆడు అంటే నానెలగ ఆడతాను? ఇరవైయ్యారేళ్లు బండి నడిపినోణ్ణి, బుట్టలో బంతి పట్టలేనా?"

మాషీని అడిగాను. అవును బాబా, ఎప్పుడూ ఆ పక్కనే వస్తుంది అంది. పాపం మనిషి రోజూ రెండో మూడో పడతాడు, మిగతావి అన్నీ పోతాయి అంది. చీటీ చూపించింది. రెండు, మూడు, సున్నా, రెండు.

మరికొన్ని సంగతులు కూడా అప్పుడు నా కంట పడ్డాయి. ఆయన గడ్డం కుడి చెంప మీద నున్నగా ఉంది, ఎడమ చెంప మీద పెరిగి ఉంది. నేను ఆయనకి ఎడమవైపు నిలబడి మాట్లాడితే, నాకోసం కుడివైపు వెతికాడు. ఆయన భార్య ఏం ఇచ్చినా కుడివైపు నుంచే ఇస్తోంది. ఇవన్నీ చూశాను. చూసి ఏమీ అనుకోలేదు. నా దృష్టంతా కంప్యూటరు మీద ఉంది. ఎదురుగా ఉన్న మానిటర్లో రావలసిన ఆట పక్క మానిటర్లో వస్తోంది. తప్పు అంత స్పష్టంగా ఉంటే ఇంకేం ఆలోచించాలి?

నోటుపుస్తకం కంప్యూటరు పక్కనే ఉంది. తెరిచాను. చీమలబారు. మూసేశాను.

ఆ మధ్యాహ్నం నేను పడ్డ పాట్లు వివరంగా చెప్పను. ఆ ఆట తెర మొత్తం పరుచుకునే రకం. అలాంటివి మొదటి మానిటర్ ఏదో దాన్ని పట్టుకునే తెరుచుకుంటాయి, మౌసుతో లాగితే రావు. సెట్టింగులన్నీ తిరగేశాను. పెట్టె విప్పి లోపలి కార్డులు తీసి, వాటి చోట్లు మార్చి మళ్లీ పెట్టాను. ఒకసారి రెండు తెరలూ నల్లబడ్డాయి. మాషీ దండం పెట్టుకుంది. డ్రైవరు గారు మాత్రం "కంగారు పడకు బాబూ, ఇంజను మొరాయిస్తే ఇలగే ఉంటాది," అని ధైర్యం చెప్పాడు. మూడు గంటల తరవాత కార్డులు ఎక్కడివి అక్కడ పెట్టేసి, నీళ్లు తాగుతుంటే తోచింది. బల్ల వెనక్కి వెళ్లి, రెండు మానిటర్ల కేబుళ్లు పీకి, దీనిది దానికీ దానిది దీనికీ తగిలించాను. రెండు నిమిషాల పని.

ఆట కుడి మానిటర్లో తెరుచుకుంది.

డ్రైవరు గారు ముందుకి వంగాడు. కుడి చేత్తో మీటలు నొక్కాడు. మొదటిసారి పదిహేడు. మూడోసారి ముప్ఫైనాలుగు. మాషీ చప్పట్లు కొట్టింది. ఆయన భార్య కొంగుతో కళ్లు ఒత్తుకుంది. "సూసినావా? తప్పు నాది కాదు, పెట్టిది!" అని ఆయన ఆమెతో అన్నాడు. నన్ను ఇంటికి భోజనానికి రమ్మన్నారు. ఆ సాయంత్రం గోల్‌బజార్ దాకా ఈల వేసుకుంటూ సైకిలు తొక్కాను.

దాదా జ్వరం తగ్గి దుకాణానికి వచ్చాక చెప్పాను, ఆట తప్పు మానిటర్లో తెరుచుకుంటుంటే సరిచేశానని. ఆయన ఒక రేడియో మీద వంగి ఉన్నాడు, సరిగా విన్నాడో లేదో, ఊఁ అన్నాడు.

వారం తిరక్కముందే ఒక ఉదయం మా దుకాణం ఎదురుగా పెద్ద గోల. రిక్షావాడు అరుస్తున్నాడు, జనం మూగారు. వెళ్లి చూస్తే కింద డ్రైవరు గారు. నుదుటి మీద చీరుకుని రక్తం, కర్ర ఒకచోట, తమలపాకుల పొట్లం ఒకచోట. దాదా, నేను లేపి దుకాణంలో కూర్చోబెట్టాం. రిక్షావాడు మా గుమ్మంలో నిలబడి బెంగాలీలో ప్రమాణాలు చేస్తున్నాడు, "దాదా, గంట కొట్టాను, కేక వేశాను, ఈయన తిన్నగా నా చక్రం కిందికి నడిచాడు!"

"అబద్ధం," అన్నాడు డ్రైవరు గారు. "రోడ్డు కాళీగా ఉంది. ఆడు ఎక్కడినుంచొచ్చినాడో మరి. ఆకాశంలోంచి దిగినట్టు దిగినాడు."

"ఒక్కరూ ఎందుకొచ్చారు మావయ్యా?"

"ఎందుకేటి? నాకు నయమైపోనాది గదా. నిన్న నలభయ్యొకటి పట్టినాను! మా ఆవిడకి సెప్పకుండా ఆకులు తెద్దామని ఎల్లినాను."

దాదా ఆయన నుదురు తుడుస్తూ, చేతిలోని దూదిని ఎడమవైపు నుంచి నెమ్మదిగా ఆయన కళ్ల ముందుకి తెచ్చాడు. ఆయన రెప్ప వెయ్యలేదు. దూది ముక్కు దాటి కుడివైపుకి వచ్చాక "ఏటది?" అన్నాడు. దాదా నా వైపు తిరిగాడు.

"ఖాతాటా దేఖేఛిలే?"

నోటుపుస్తకం చూశావా అని.

నుదుటికి రెండు కుట్లు వేయించి ఆయన్ని ఇంటి దగ్గర దించాం. తిరిగి వస్తూ దాదా దారంతా నాకు చెప్పాడు. పుస్తకంలో ఉన్నది ఇదీ: ఆట ఎడమ మానిటర్లోనే తెరుచుకోవాలి, దీదీ అడిగింది, మార్చకూడదు. మార్చకూడదు అన్న మాట కింద రెండు గీతలు. డ్రైవరు గారి కళ్లకి ఏ లోపమూ లేదట. మెదడులో దెబ్బ తగిలిన చోటు అలాంటిది, ప్రపంచంలో ఎడమ సగం ఉన్నదన్న సంగతే ఆయనకి తట్టదట. పళ్లెంలో ఎడమవైపు అన్నం వదిలేసి, అన్నం చాలలేదంటాడట. దీదీ రెండు నెలలుగా ఆయన తల ఆ వైపు తిప్పించడానికే ఆటను అక్కడ పెట్టింది. నేను దాన్ని తెచ్చి, ఆయనకి తెలిసిన సగంలో పెట్టేశాను.

"ఎక్కువ దెబ్బ తగల్లేదు, అదే మేలు," అన్నాడు దాదా. అంతకుమించి నన్నేమీ అనలేదు. అన్నా బాగుండేది.

దీదీ సోమవారం వస్తుంది. సోమవారం పొద్దున్నే, కేంద్రం తలుపు తెరిచే వేళకి వెళ్లాను. నా ఆలోచన ఏమిటో దాచను. కేబుళ్లు మళ్లీ మార్చేసి, ఏమీ ఎరగనట్టు వచ్చేద్దామనుకున్నాను. మాషీకి కేబుళ్ల సంగతి తెలీదు. డ్రైవరు గారు పడిపోవడం రిక్షా తప్పు. ఎవరూ అడగరు.

కేబుళ్లు మార్చడం అయింది. బల్ల వెనకనుంచి లేచేసరికి దీదీ గుమ్మంలో ఉంది. నన్ను చూసి నవ్వి, నేరుగా చీటీల దగ్గరికి వెళ్లింది. ఒక్కొక్కటే తిప్పుతూ ఆగిపోయింది.

"పదిహేడు... ముప్ఫైనాలుగు... నలభై ఒకటి? డ్రైవర్‌ సాబా?" బెంగాలీలో తనలో తనే అనుకుంటున్నట్టు అంది. కుర్చీలో కూర్చుండిపోయింది. మొహం నిండా వెలుగు. "రెండు నెలలు. మానేద్దామని కూడా అనుకున్నాను. అందరూ నవ్వారు, ఆటలతో రోగం తగ్గుతుందా అని. నేను లేని పది రోజుల్లో తిరిగాడా అటు! డాక్టరు గారికి ఇప్పుడే రాస్తాను, ఇంక ఒక్కడే తిరగొచ్చని." కలం తీసింది.

ఆ కలం కాగితం మీద ఆననిచ్చి ఉంటే నేను ఎలాంటివాణ్ణయ్యేవాణ్ణో తెలీదు. ఆవిడ సంతోషమే నన్ను పట్టేసింది. "దీదీ, రాయకండి," అన్నాను. కేబుళ్ల సంగతి, పుస్తకం చదవకపోవడం, రిక్షా, కుట్లు, ఆ పొద్దున నేనెందుకు వచ్చానో కూడా, అన్నీ చెప్పాను. చెప్పేటప్పుడు ఆవిడ మొహంలోంచి ఆ వెలుగు పోవడం చూడవలసి వచ్చింది. ఆ శిక్ష చాలు.

ఆవిడ కోప్పడలేదు. బల్ల సొరుగులోంచి ఒక కాగితం తీసి నా ముందు పెట్టింది. పెన్సిల్‌తో గీసిన రైలింజను బొమ్మ. చక్రాలు, కమ్మీలు, కిటికీ, అన్నీ పొందిగ్గా ఉన్నాయి. కానీ సగమే. మధ్యకి వచ్చేసరికి కోసేసినట్టు ఆగిపోయింది. ఎడమ సగం తెల్ల కాగితం.

"మొత్తం ఇంజను గీశానన్నాడు," అంది. "ఏదైనా మిగిలిందా అని మూడుసార్లు అడిగాను. లేదన్నాడు."

ఇరవైయ్యారేళ్లు ఇంజనులో బతికినవాడు.

అసలు కష్టం ఆ తరవాత మొదలైంది. ఆట మళ్లీ ఎదురుగా రావడం లేదని డ్రైవరు గారికి తెలిసింది. కట్టు కట్టిన నుదురుతో వచ్చి కుర్చీలో కూర్చుని, కుడి మానిటర్లో అక్షరాలు చూసి, లేచిపోయాడు. రెండో రోజు అసలు లోపలికే రాలేదు. వరండాలో కూర్చున్నాడు. దీదీ నాకు కబురు చేసింది. ఆయనతో తెలుగులో మాట్లాడు, నా హిందీ ఆయనకి చేరడం లేదు అంది.

వెళ్లాను. వరండాలో ఆయన, ఆయన భార్య. దీదీ గుమ్మానికి ఆనుకుని నిలబడింది.

"నువ్వా?" అన్నాడు. "నీ మీద నమ్మకం పెట్టుకున్నాను. బాగుసేసిన పెట్టిని మళ్లీ సెడగొట్టినావు. ఆయమ్మ సెప్పిందనా?"

"మావయ్యా, నేను చేసిందే తప్పు. మీకు ఎడమపక్క అందడం లేదు. అందుకే రిక్షా..."

"నాకు అన్నీ కనబడతన్నాయి! కల్లకి పరీచ్చ సేయించినారు, డాక్టరే సెప్పినాడు బాగున్నాయని. ఏటి అందడం లేదు? నానేటి గుడ్డోణ్ణా?"

లేనిది లేదని ఎలా చూపిస్తాం? అప్పటిదాకా ఒక్క మాట మాట్లాడని ఆయన భార్య విసుగ్గా, మాతో కాదు, వరండా స్తంభంతో చెప్పుకుంటున్నట్టు అంది:

"ఇంజను ఎక్కినన్నాల్లూ ఎడమపక్క సూసుకునే బతికినారు. సిగ్నలు ఎడమపక్కనుంటాది, సిగ్నలు ఎడమపక్కనుంటాది అని నిద్దట్లో కూడా కలవరించీవోరు. ఇప్పుడు అటు తిరగమంటే కానిపని అయిపోనాది."

దీదీ చటుక్కున అడిగింది, ఏమంది, ఏమంది అని. నేను బెంగాలీలో చెప్పాను. ఆవిడ లోపలికి పరిగెత్తింది. పిల్లల కోసం ఉంచిన రంగు కాగితాల్లోంచి ఎర్రది కత్తిరించి, ఎడమ మానిటర్‌కి ఎడమ అంచున అతికించింది. బయటికి వచ్చి నా చెవిలో ఏం చెప్పాలో చెప్పింది.

నేను డ్రైవరు గారిని చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్లి కుర్చీలో కూర్చోబెట్టాను. మొహం గంటు పెట్టుకునే కూర్చున్నాడు.

"మావయ్యా, ఆట వద్దు. ముందర సిగ్నలుంది. ఏ రంగుందో చెప్పండి చాలు."

"సిగ్నలేటి?"

"బండి నడుస్తోంది. సిగ్నలు దగ్గరికొచ్చింది. చూసి చెప్పండి."

ఆయన కుడి మానిటర్ చూశాడు. బల్ల చూశాడు. "లేదు," అన్నాడు. ఆ మాట అన్నాక ఆయనకే ఏదో తేడా తట్టినట్టుంది. సిగ్నలు కనపడకపోవడమంటే ఏమిటో మాకన్నా ఆయనకి బాగా తెలుసు. వెన్ను నిటారుగా పెట్టాడు. "ఉండు," అన్నాడు. తల కదిలింది. తుప్పు పట్టిన తలుపు తిరిగినట్టు, కొంచెం కొంచెంగా, మధ్యలో ఆగుతూ, మళ్లీ కదులుతూ ఎడమకి వెళ్లింది. మానిటర్ మధ్య దాకా వెళ్లి ఆగింది. దీదీ ఆపుకోలేక, ఆ పని కోసమే నేర్చుకున్న తెలుగు మాట ఒక్కటీ అంది, "ఎడోమా... ఎడోమా..."

"రెడ్!"

గదంతా మోగింది. పక్కన ఉన్న అసిస్టెంటుకి వినబడేలా ఇంజనులో అరిచే గొంతు అది. మాషీ చేతిలోని గ్లాసు కింద పడేసింది. ఆయన అటే చూస్తూ ఉండిపోయాడు. మెల్లగా అన్నాడు:

"ఇక్కడ ఇంకో పెట్టి ఉంది."

రెండు నెలలు ఆ పెట్టె ముందు కూర్చున్న మనిషి. నేను దీదీ వైపు చూడలేదు. ఆవిడ కూడా నా వైపు చూడలేదనే అనుకుంటున్నాను.

"రిక్షా ఇటునుంచే వచ్చినాదా?" అని అడిగాడు.

"అవును మావయ్యా."

"ఆడి తప్పు కాదన్నమాట," అన్నాడు. నుదుటి కట్టు తడుముకుని, "ఆణ్ణి నానా మాటలూ అన్నాను," అన్నాడు.

ఒక్కరోజులో నయమైపోయిందని చెప్పను. మర్నాటికి మళ్లీ కుడివైపుకే తిరిగి కూర్చున్నాడు. కానీ ఇప్పుడు ఆయన చేత తల తిప్పించే మాట ఒకటి దొరికింది. కాగితాలు చిరిగిపోతున్నాయని నేను ఒక పని చేశాను. టీవీల పనివాణ్ణి కదా, చెక్కపెట్టెలో మూడు టార్చిలైటు బల్బులు పెట్టి, ముందు ఎరుపు, పసుపు, ఆకుపచ్చ కాగితాలు అంటించి, పొడుగు తీగతో మూడు స్విచ్చులు మాషీ చేతికిచ్చాను. దాన్ని ఎడమ మానిటర్ అంచుకి బిగించాం. మాషీ తనకి తోచిన రంగు వెలిగిస్తుంది. ఆయన తల తిప్పి, చూసి, అరిచి చెప్పాలి. ఆకుపచ్చ పడితేనే ఆట. ఎర్రది వేసి మాషీ టీ తాగడానికి వెళ్లిపోతే, వచ్చేదాకా ఆయన మీట ముట్టేవాడు కాదు. మేం ఆడండి అన్నా, "రెడ్డులో బండి లాగమంటావేటి?" అనేవాడు. మాషీ ఆ అధికారం బాగానే అనుభవించింది.

బంతులు అయిదు పడ్డాయి, తరవాత తొమ్మిది. ఒకరోజు మళ్లీ రెండు. మరో రోజు ఇరవై. దీదీ దుకాణం మీదుగా ఇంటికి వెళ్తూ గుమ్మంలో ఆగి అంకె చెప్పి వెళ్లేది. దాదా తల ఊపేవాడు. నేను ఈసారి ముందుగా పండగ చేసుకోలేదు. పుస్తకంలో నా చేత్తో, బెంగాలీలో, ఆట ఎడమ మానిటర్లోనే ఉండాలని మళ్లీ రాశాను. నా అక్షరాలు దాదా అక్షరాలకన్నా అన్యాయంగా ఉన్నాయని దీదీ అంది.

ఆ రిక్షావాణ్ణి కూడా డ్రైవరు గారు వెతికించాడు. దుకాణానికి పిలిపించి, టీ తెప్పించి, "తప్పు నాది దాదా," అన్నాడు వచ్చీరాని బెంగాలీలో. రిక్షావాడు కంగారుపడి, పర్వాలేదు పర్వాలేదు అంటూ టీ సగంలో వదిలేసి పోయాడు.

దుర్గాపూజలు అయిపోయి, చలి మొదలైన రోజుల్లో, ఒక ఆదివారం పొద్దున నేను దుకాణం తలుపులు తీస్తున్నాను. రోడ్డుకి అవతల చేపల వరస దాకా జనం. ఇవతల డ్రైవరు గారు, చేతిలో సంచీ, కర్ర. రెండు చెంపలూ నున్నగా ఉన్నాయి. నాలుగడుగుల వెనక ఆయన భార్య, నోటికి కొంగు అడ్డం పెట్టుకుని. మాట్లాడవద్దని ఆమెకి దీదీ గట్టిగా చెప్పిందని తరవాత తెలిసింది. నేను తలుపు పట్టుకుని అలాగే నిలబడ్డాను. దాదా నా భుజం మీదుగా చూస్తున్నాడు.

ఆయన రోడ్డు అంచున ఆగాడు. కుడివైపు చూశాడు. కాలు ముందుకి వేయబోయి ఆపాడు. తల ఎడమకి తిప్పాడు, పూర్తిగా, భుజం మీదికి గడ్డం వచ్చేదాకా. ఒక రిక్షా వస్తోంది. "రెడ్!" అని అరిచాడు. పక్కనున్న కూరగాయలమ్మి ఉలిక్కిపడింది. రిక్షా పోయింది. ఆయన తల ఇవతలికి తిప్పలేదు. వెనకే ఒక ఆటో. అదీ పోయింది.

"గ్రీన్!"

దాటాడు. కుంటుతూ, తొందరపడకుండా, కర్ర నేలకి తాటిస్తూ అవతలికి చేరాడు. చేరి వెనక్కి తిరిగాడు. ఈలోగా ఇవతల రిక్షాలు అడ్డం వచ్చి ఆయన భార్య ఆగిపోయింది. ఆయన కర్ర పైకెత్తి, తల ఎడమకీ కుడికీ తిప్పి చూసి, జనమందరూ వినేలా కేకేశాడు:

"రా! లైన్ కిలీరు!"

ఆమె నవ్వుతూ దాటింది. ఇద్దరూ చేపల వరసలోకి వెళ్లారు. ఎవరు ఎటుపక్క నడుస్తున్నారో చూద్దామనుకున్నాను కానీ జనం అడ్డం వచ్చారు.

మధ్యాహ్నానికి డ్రైవరు గారింటి నుంచి మా దుకాణానికి మూత పెట్టిన గిన్నె వచ్చింది. చేపల పులుసు. దాదా బెంగాలీ నాలుకకి మన పులుపు ఎప్పుడూ ఎక్కదు. చింతపండు మరీ ఎక్కువైందని, ఉప్పు తక్కువైందని వంకలు పెడుతూనే తిన్నాడు. గిన్నె కడిగి ఇవ్వడానికి చూస్తే, అందులో కడగడానికి ఏమీ మిగల్లేదు.